ఆరో పుస్తకం వెన్నులో

జనవరి 11

అత్తా,

క్షేమం అని ఒక్క మాట రాస్తే నువ్వు నమ్మవు కాబట్టి ఉన్నదున్నట్టు రాస్తున్నాను. దగ్గు తగ్గింది. గది పాతదే. కింద తాళాల కొట్టు ఉంది కదా, పొద్దున్నే ఆకురాయి చప్పుడుకే మెలకువ వస్తుంది. గ్రంథాలయంలో నా ఉద్యోగం ఖాయం చేశారు. ప్రార్థన పుస్తకాల గది మొత్తం నాకే అప్పగించారు. తాళంచెవి మెళ్లో వేసుకుని తిరుగుతున్నాను. చాలా పాతవి ముట్టుకోవాలంటే చేతులకి తొడుగులు వేసుకోవాలట. తొడుగులు వేసుకుంటే కాగితం సంగతి ఎలా తెలుస్తుందే అని నువ్వు అక్కడే కూర్చుని దెప్పుతున్నట్టు అనిపిస్తుంది.

ఫోన్లో నీకు సరిగ్గా వినబడదు, అరిచి చెప్పే సంగతి కాదు ఇది. అందుకే ఉత్తరం. రెండో పుస్తకం రాస్తున్నాను. ఏ ప్రార్థన ఎవరు కూర్చారు, ఎప్పుడు అచ్చయింది అనే గొడవ ఈసారి లేదు. జనం ఆ పుస్తకాలు చేతిలో పట్టుకుని నిజంగా ఎలా ప్రార్థన చేశారన్నదే రాస్తున్నాను. నిన్న ఒక పుస్తకం చూశాను. మొత్తం కొత్తదానిలా ఉంది. రోగుల కోసం చేసే ప్రార్థన ఉన్న ఒక్క పేజీ మీద మాత్రం మైనం చుక్కలు. ఇంకోదాంట్లో, యుద్ధకాలపు ప్రార్థన పక్కన ఎవరో ముగ్గురి పేర్లు రాసి, రెండు కొట్టేశారు. అచ్చులో ఉన్నది అందరిదీ, అంచులో ఉన్నదే ఆ మనిషిది అనిపించింది.

పాస్టరుగా నాన్న వేదిక మీద వాడిన పెద్ద ప్రార్థన పుస్తకం నాకు కావాలి. ఇతరుల కోసం చేసే విజ్ఞాపన ప్రార్థన మధ్యలో ఆయన ఆగిపోయి, అంచులో రాసుకున్న పేర్లు పైకి వినబడకుండా చదువుకునేవారు. సంఘమంతా తలలు వంచుకుని ఊరుకునేది. ఆ పేజీ చూడాలి నాకు. ఎవరెవరి పేర్లు రాసుకున్నారో చూడాలి. నా పుస్తకం కోసమే.

పుస్తకం కోసమేనని మళ్లీ చెప్పక్కర్లేదు, అయినా చెబుతున్నాను.

నీ మేనకోడలు
గువ్వ


జనవరి 24

గువ్వా,

ప్రభువు కృప నీకు తోడుగా ఉండుగాక, మెడకి ఒక ఉన్ని కండువా కూడా ఉండుగాక. దగ్గు తగ్గిందన్నావు. పోయినసారీ అదే అన్నావు.

ఇక్కడ చలికి జిగురు గిన్నెలోనే గడ్డకట్టిపోతోంది. వేడినీళ్లలో పెట్టి, కరిగాక గబగబా పుయ్యాలి, ఈలోగా మోకాలు పట్టేస్తుంది. సంఘంలో చిన్నా పెద్దా అందరికీ నేను జిగురమ్మనే. కొత్త పాస్టరుగారి భార్య కూడా మొన్న పొరపాటున అలాగే పిలిచి నాలిక్కరుచుకుంది. పిలవనీ. నలభై ఏళ్లుగా వీళ్ల పుస్తకాలు అతికిస్తున్నదాన్ని, ఇంకేమని పిలుస్తారు?

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. చెబితే నీకు కోపం వస్తుంది, చెప్పకపోతే నాకు నిద్ర పట్టదు.

ఆ విజ్ఞాపన మొదటి విశ్వాసుల కాలం నుంచి వస్తున్నదని అన్నయ్య ముప్పై ఏళ్లు చెప్పాడు. కాదు, నూరేళ్ల కిందట ఒక అచ్చాఫీసు మేడగదిలో ముగ్గురు పెద్దమనుషులు కూర్చుని, అక్కడో ముక్క ఇక్కడో ముక్క తెచ్చి నాలుగు రోజుల్లో అతికించారని నువ్వు నీ మొదటి పుస్తకంలో రాశావు. నిజమే అయ్యుంటుంది. చదువుకున్నదానివి. కానీ ముందుమాటలో, అది అంత పాతదని నమ్మినవాళ్లలో మా నాన్న కూడా ఒకరు అని ఒక వాక్యం పెట్టావు చూడు. దాన్ని సంఘపెద్ద ఒకాయన సమావేశంలో పైకి చదివాడు. అందరూ నవ్వారు. అన్నయ్య కూడా నవ్వాడు. ఇంటికొచ్చి, బూట్లు కూడా విప్పకుండా కుర్చీలో కూర్చుండిపోయాడు. ఆ తర్వాత తొమ్మిదేళ్లు ఆయన నీతో మాట్లాడలేదు, నువ్వూ ఆయనతో మాట్లాడలేదు. ఆగస్టులో మట్టి చేశాం.

ఇప్పుడు ఆయన మనసులో చదువుకున్నవి కూడా అచ్చు వేస్తావా తల్లీ?

ఆ పుస్తకం కొత్త పాస్టరుగారి దగ్గర ఉంది. ఆ పేజీ నేను చూశాను. అందులో ఏమీ లేదు. శుభ్రంగా ఉంది. ఇంక దాని సంగతి వదిలెయ్.

పళ్లు తింటున్నావా? కాఫీతో పొట్ట నింపుకోకు.

నీ అత్త


ఫిబ్రవరి 6

అత్తా,

ఏమీ లేదన్నావు. నాలుగు రోజులుగా ఆ మాట పట్టుకునే కూర్చున్నాను.

నిన్న పొద్దున ఒక పండితుడు వచ్చి ఏదో ప్రార్థన పుస్తకం మొదటి ముద్రణ అడిగాడు. వేరేది తెచ్చి ఇచ్చాను. అది పట్టుకుని ఆయన, “ఒంట్లో బాగుందామ్మా?” అన్నాడు. బాగానే ఉందన్నాను.

నేను నీతో అబద్ధమాడాను. పుస్తకం కోసం కాదు. అంటే, పుస్తకం నిజంగానే రాస్తున్నాను, అంచుల మాటలన్నీ నిజమే. కానీ నాన్న పుస్తకం అడిగింది నా కోసం. తొమ్మిదేళ్లలో ఆయన ఒక్క ఉత్తరం రాయలేదు. నేను మూడు రాశాను, మూడూ బల్ల సొరుగులోనే ఉన్నాయి. మాట్లాడకపోతే పోనీ, ఆ పేర్లలో నన్ను ఉంచారా, తీసేశారా? ఇదొక్కటే నాకు తెలియాలి. వేరే ఏ రుజువూ నాకు అక్కర్లేదు. మట్టి చేసిన రోజున అందరూ బయట నిలబడి ఉంటే నేను వేదిక ఎక్కి చూశాను. అక్కడ పుస్తకం లేదు. ఎవరినైనా అడుగుదామంటే మొహం చెల్లలేదు.

ఇప్పుడు నువ్వు చూశానంటున్నావు, ఏమీ లేదంటున్నావు. అంటే నా పేరు లేదనేగా? అందరి పేర్లూ ఉండి నాదొక్కటే లేదా? సూటిగా చెప్పు. చిన్నపిల్లకి చెప్పినట్టు చుట్టూ తిప్పి చెప్పకు.

గువ్వ


ఫిబ్రవరి 19

గువ్వా, పిచ్చిపిల్లా,

ముందే అడగొచ్చుగా ఆ మాట! నువ్వు అచ్చు కోసం అన్నావు, నేను అచ్చు అనుకుని గదమాయించాను. ఇద్దరికిద్దరం సరిపోయాం.

నీ పేరు లేదని నేను అనలేదు. ఎవరి పేరూ లేదన్నాను. అసలు అంచే లేదు, కోసేశాను. ఎలాగో చెబుతాను, నింపాదిగా చదువు.

పోవడానికి పది రోజుల ముందు అన్నయ్య ఆ పుస్తకాన్ని సంచిలో పెట్టుకుని మా ఇంటికి మోసుకొచ్చాడు. మెట్లెక్కలేక కిందనుంచే పిలిచాడు. దిగి వెళితే, గట్టు మీద కూర్చుని ఆయాసపడుతున్నాడు.

“దీనికి కొత్త అట్ట వెయ్ చెల్లీ. అంచులు కోసెయ్. తర్వాత వచ్చే ఆయనకి శుభ్రమైన పుస్తకం ఇవ్వాలి” అన్నాడు.

“నలిగిందంతా పోవాలంటే రెండు వేళ్ల మేర కొయ్యాలన్నయ్యా. నువ్వు రాసుకున్నవన్నీ పోతాయి.”

“పోనీ. చెప్పుకోవలసినవాడికి చెప్పేశాను. వచ్చే ఆయన తన పేర్లు తను రాసుకుంటాడు.”

నేను కోసేశాను. చదవలేదు. నీకు తెలుసు నా సంగతి. ప్రార్థన పుస్తకాల్లో జనం ఏవేవో పెట్టుకుంటారు, ఏవేవో రాసుకుంటారు. అవి చదివే బైండరు దగ్గరికి మళ్లీ ఎవరూ రారు. మా నాన్న దగ్గర పని నేర్చుకున్నప్పటి నుంచీ పేజీలు తలకిందులుగా పెట్టుకునే కుడతాను. ఎప్పుడైనా కన్ను పడినా మాట అందదు.

కోసిన ముక్కలు పారెయ్యలేదు. మంచి దళసరి కాగితం, ఇప్పుడు దొరకదు. అదే నెలలో సంఘానికి చిన్న ప్రార్థన పుస్తకాలు ఇరవై నాలుగు బైండు చేశాను. వెన్నుకి లోపల కాగితం పొర అతికించకపోతే పుస్తకం తెరిచినచోటల్లా విరుగుతుంది. ఒక్కోదానికి నాలుగు ముక్కలు పట్టాయి. అన్నయ్య రాతంతా ఇప్పుడు ఆ వెన్నుల్లో ఉంది, ఆదివారం ఆదివారం జనం చేతుల్లో. నాకైతే అది మంచి చోటే అనిపించింది.

అన్నయ్యే కొయ్యమన్నాడు, నా తప్పేం లేదు. నీ తప్పూ లేదు. మనసు కుదుటపరచుకో.

నీ అత్త


మార్చి 2

గౌరవనీయులైన మేనత్తగారికి,

మీ ఉత్తరం అందింది. మీరు నింపాదిగా చదవమన్నారు, చదివాను.

నాన్న ముప్పై ఏళ్లు ఆ అంచుల్లో పేర్లు రాసుకున్నారు. నేను ఎనిమిదో ఏట నుంచి చూశాను. పోయే ముందు పది రోజులకి, నడవలేని మనిషి, దాన్ని మోసుకొచ్చి మరీ కోయించారు. ఎందుకో మీకు తట్టలేదేమో, నాకు తట్టింది. తన తర్వాత ఆ పుస్తకం తెరిచి వెతికేది లోకంలో ఒక్కతే. అది నా వృత్తి. నేను వస్తానని ఆయనకి తెలుసు. నేను వచ్చి చూడకూడదని కోయించారు. మీరు కోసి పెట్టారు. చూడకుండా కోశానని మీరు గర్వంగా చెప్పుకుంటున్నారు. చూసి ఉంటే బాగుండేది. మీరొక్కరు చూసి ఉన్నా, ఉందనో లేదనో ఒక్క మాట చెప్పేవారు.

ఆ ముక్కలు ఎవరి పుస్తకం వెన్నులో ఉన్నా నాకు అవసరం లేదు. అంచుల మీద రాస్తున్న పుస్తకం ఆపేశాను. ఇంకొకళ్లకి ఇచ్చేస్తాను.

మీ ఆరోగ్యం జాగ్రత్త.

మీ మేనకోడలు


మార్చి 23

గువ్వా,

ఏమన్నావు, మీరా? నేను నీకు తల దువ్విన మనిషిని. “గౌరవనీయులైన” అని చూసి, ఎవరిదో ఉత్తరం మా ఇంటికొచ్చిందనుకుని కవరు వెనక్కి తిప్పి చూశాను. రెండు రోజులు అన్నం సయించలేదు, సంతోషించు.

తర్వాత కూర్చుని ఆలోచించాను. విజ్ఞాపన ఉన్నది పెద్ద పుస్తకంలో ఇరవై మూడో కాగితం. ముక్కలు ఒకదాని మీద ఒకటి పడ్డ వరసలోనే వాడుకుంటూ వచ్చాను. పుస్తకానికి నాలుగు చొప్పున ఆరో పుస్తకంలో ఉండాలి. నేను బైండు చేసిన ప్రతిదానికీ లోపల అట్ట మూల చిన్న అంకె వేస్తాను. మొన్న ఆదివారం ఆరాధన అయ్యాక ఒక్కో వరసా తిరిగి అట్టలు తెరిచి చూస్తుంటే, కొత్త పాస్టరుగారు, “ఏం పోయిందమ్మా?” అన్నారు. ఏదో పోయిందిలెండి అన్నాను.

ఆరోది గడియారాల తాత దగ్గరుంది. గుర్తున్నాడా, రెండో వరసలో కూర్చుంటాడు, ప్రసంగం పొడుగైతే జేబు గడియారం తీసి చెవి దగ్గర పెట్టుకుంటాడు. కొట్టు మూసేశాడు గానీ ఆ అలవాటు పోలేదు. పుస్తకం అడిగితే గుండెకి హత్తుకున్నాడు.

“దీనికి ఏ రోగమూ లేదు కదమ్మా, ఎందుకు కోస్తావు?”

“తాతా, దీని వెన్నులో మా అన్నయ్య రాత ఉంది. ఆయన కూతురికి కావాలి.”

ఇచ్చాడు. అయితే నాతోపాటు ఇంటికొచ్చి, పక్కనే కుర్చీ వేసుకుని కూర్చున్నాడు, ఆపరేషన్ గది బయట కూర్చున్నట్టు.

అట్ట ఊడదీశాను. వెన్ను మీద తడిగుడ్డ వేసి, జిగురు నానేదాకా ఆగి, ఎముక పుల్లతో ముక్కలు ఒక్కొక్కటీ లేపాను. ఒకటి, రెండు, మూడు. మూడోది ఇరవై మూడో కాగితం అంచు. నా జీవితంలో మొదటిసారి, కాగితం తలకిందులు కాకుండా పెట్టుకుని చదివాను. దేవుడు క్షమించాలి, అన్నయ్య క్షమించాలి.

గువ్వా, నీ పేరు ఉంది! గువ్వ అనే ఉంది. పెన్సిలు రాతలు చాలా ఉన్నాయి, మసకగా. నీలం సిరావి కొన్ని, నా తడిగుడ్డకి పాకి అలుక్కుపోయాయి. నీది మాత్రం నల్ల సిరా. తడికి ఇంత కూడా కదల్లేదు. అందరినీ పెన్సిలుతో రాసినవాడు నిన్ను సిరాతో రాశాడంటే, ఎంత గట్టిగా పట్టుకున్నాడో చూడు. నేను ఏడ్చాను. తాత, ఎందుకో తెలియకపోయినా, జేబురుమాలు ఇచ్చాడు.

ఇప్పుడు చెప్పు, కోపం పోయిందా?

నీ అత్త (గౌరవనీయురాలు కాదు)


ఏప్రిల్ 1

అత్తా,

నువ్వు పడ్డ కష్టానికి చేతులు జోడిస్తున్నాను. పోయిన ఉత్తరంలో నేను రాసినవాటికి క్షమించు. ఇక దీని గురించి రాయకు.

నీకు తెలియదు. సంఘంలో ఎవరికీ తెలియదు. నాకు మాత్రమే తెలుసు, ఎందుకంటే శనివారం మధ్యాహ్నాలు ఆయన పక్కన కూర్చుని పెన్సిళ్లు చెక్కి ఇచ్చింది నేనే. నెల మొదటి ఆదివారం జరిగే ప్రభువు బల్ల ఆరాధనకి ముందు రోజు, అంచులో పెన్సిలు పేర్లన్నీ రబ్బరుతో చెరిపేవారు. ఇంకా అవసరం ఉన్నవాళ్లని మళ్లీ రాసేవారు. “పోయిన నెల ప్రార్థన ఈ నెలకి సరిపోదమ్మా, చద్దిది పెట్టకూడదు” అనేవారు. ఆ లోపు ఎవరైనా చనిపోతే మాత్రం చెరిపేవారు కాదు. ఆ పెన్సిలు పేరు మీదే సిరాతో దిద్దేవారు. ఇక అడగడానికేం లేదు, దేవుడికి అప్పగించేశాం అనడానికి గుర్తు. దవాత మూత తీసి పట్టుకోవడం కూడా నా పనే.

పెన్సిలు బతికున్నవాళ్లకి, అత్తా. సిరా పోయినవాళ్లకి.

నా పేరు తీసేశారేమో అని భయపడ్డాను. తీసెయ్యలేదు. అంతకంటే దూరం వెళ్లారు. నేను ఇక్కడ గది అద్దెకి తీసుకుని, దగ్గి, పుస్తకాలు సర్ది, ఆయన మీద అలిగి కూర్చున్న రోజుల్లోనే, ఒక శనివారం మధ్యాహ్నం ఆయన ఒక్కరే దవాత మూత తీసుకుని నన్ను పోయినవాళ్లలో కలిపేశారు.

ఆ ముక్క మళ్లీ తాత పుస్తకంలో అతికించెయ్.

గువ్వ


ఏప్రిల్ 12

గువ్వా,

రాయకు అన్నావు. రాస్తున్నాను. పూర్తిగా చదవకుండా మడత పెట్టావంటే నామీద ఒట్టు.

నీ ఉత్తరం చదివి ఒక పూట మంచమ్మీద పడుకున్నాను. నా అన్నయ్య బతికున్న బిడ్డని పోయినవాళ్లలో రాస్తాడా? అంత రాయి మనిషా? ముప్పై ఏళ్లు ఆయన ఎదుట కూర్చుని ఆమెన్ అన్నది ఈ మనిషికేనా? తర్వాత లేచి దీపం వెలిగించకుండా, పగటి వెలుతురులో, కిటికీ దగ్గర ఆ ముక్క మళ్లీ తీశాను. మాటలు చదవడం నా పని కాదు, అందులో నువ్వే గట్టిదానివి. కాగితం నా పని. మొదటిసారి మాట చూసి మురిసిపోయి కాగితం చూడలేదు నేను. నలభై ఏళ్ల పనిదాన్ని, సిగ్గుపడాలి.

ఆ ముక్క వేళ్ల మధ్య పెట్టి జరుపుకుంటూ వెళ్లాను. అంతా దళసరి. నీ పేరు దగ్గరికి వచ్చేసరికి వేలు దిగిపోయింది. కిటికీకి ఎత్తి పట్టుకుంటే ఆ ఒక్కచోట వెలుతురు అవతలినుంచి వచ్చేస్తోంది. గడియారాల తాతని పిలిపించాను. కంటికి పెట్టుకునే భూతద్దం తెచ్చాడు. దాంట్లోంచి చూస్తే కాగితం పైపొర లేదు, పీచు లేచిపోయి దూదిలా ఉంది. ఒక అంచున సన్నగా చిరిగింది కూడా. రబ్బరు పెట్టి రుద్ది రుద్ది చేసిన పని అది, తల్లీ. ఒకసారీ రెండుసార్లూ కాదు. తక్కిన పేర్లు ఏ నెలకి ఎక్కడ చోటుంటే అక్కడ రాసుకున్నాడు, అందుకే కాగితం అన్నిచోట్లా కొంచెం కొంచెం అరిగింది. నీకు మాత్రం చోటు మార్చలేదు.

ఆ చోటేమిటో చూడాలని ముక్క పట్టుకుని పాస్టరుగారింటికి వెళ్లాను. పెద్ద పుస్తకంలో ఇరవై మూడో కాగితం తెరిచి, కోసిన అంచుకి ఆనించాను. పాత నూనె మరక ఒకటి సగం పేజీలో ఉంది, సగం ముక్కలో ఉంది. రెండూ కలిశాయి. నీ పేరుకి ఎదురుగా అచ్చులో ఉన్న మాట ఇది: “దూరంగా ఉన్న మా బిడ్డల కొరకు.” దానికి ఎదురుగా ఒక్క పేరుకే చోటుంది.

ఇక సిరా. నీలం సిరా పేర్ల అడుగున భూతద్దంలో పెన్సిలు గీత మెరుస్తోంది. నువ్వు చెప్పినట్టే, పెన్సిలు మీద దిద్దినవి. నీ పేరు అడుగున పెన్సిలు లేదు. గీతల పక్కన సన్నటి వెంట్రుకల్లా సిరా పాకి ఉంది. రుద్ది అరిగిపోయిన కాగితం మీద రాస్తే అలాగే పాకుతుంది. పైగా అది దవాతలో ఉండే నీలం సిరా కాదు. తడికి కదలని నల్ల సిరా. ఆ సిరా ఈ చుట్టుపక్కల ఒక్కళ్ల దగ్గరే ఉంది, పుస్తకాల వెన్ను మీద చీటీలు రాసుకునేవాళ్ల దగ్గర. నా దగ్గర.

అప్పుడు గుర్తొచ్చింది గువ్వా. అక్కడికక్కడే పాస్టరుగారికి అంతా చెప్పేశాను.

పోయినేడు ఏప్రిల్లో ఒక శనివారం అన్నయ్య వచ్చాడు. నేను కుట్టుపనిలో ఉన్నాను. గుమ్మంలోనే నిలబడి అడిగాడు.

“చెల్లీ, బాగా చెరిపిన చోట కాగితం అరిగిపోతే ఏం చెయ్యాలి?”

“ఇంకోచోట రాసుకో.”

“అక్కడే రాయాలి.”

“అయితే పెన్సిలు పట్టదు అన్నయ్యా, చింపేస్తుంది.”

“పోయిన నెల రబ్బరు పెడితేనే చిరిగింది” అన్నాడు, ఏదో తప్పు చేసినట్టు.

చేతిలో సూది వదల్లేదు నేను. తల కూడా ఎత్తలేదు. “నా నల్ల సిరా తీసుకెళ్లు, మెత్తటి కలంతో ఒత్తకుండా రాయి. కొంచెం పాకుతుంది గానీ నిలుస్తుంది. కానీ మళ్లీ చెరపడానికి వీలుండదు, చూసుకో” అన్నాను.

“చెరిపే పనేమీ లేదులే” అన్నాడు. సీసా తీసుకెళ్లి సోమవారం తెచ్చిచ్చాడు. ఏం రాశావని నేను అడగలేదు. అడగకపోవడమే నా గొప్ప కదా.

ఆయనకి సిరా ఇచ్చింది నేను. నువ్వు చదువుకోవడానికి వెళ్లి పదహారేళ్లు. నెలకోసారి రాసి, నెలకోసారి చెరిపి, మళ్లీ అక్కడే రాసి, ఇక కాగితం ఒప్పుకోనంటే నా గుమ్మంలోకి వచ్చి నిలబడ్డాడు. నీతో మాట్లాడని తొమ్మిదేళ్లూ అందులోనే ఉన్నాయి. నీకొక ఉత్తరం ముక్క రాసి ఉంటే ఎంత బాగుండేది! ఆ మొండితనానికి నేను ఆయన్ని ఇంకా క్షమించలేదు. నీ సొరుగులో మూడు ఉత్తరాలు ఉంచుకున్న నిన్నూ క్షమించలేదు. కానీ నువ్వు పోయినదానివి కాదు. ఆ అంచంతా చూసినదాన్ని చెబుతున్నాను, అక్కడ నీ అంత బతికున్న పేరు ఇంకొకటి లేదు.

ఇంకో సంగతి. కొత్త పాస్టరుగారు నా మాటలన్నీ విన్నారు. ఆ ప్రార్థన మధ్యలో ఎందుకు ఆగాలో ఆయనకి ఇన్నాళ్లూ తెలియదట. అచ్చులో లేదు కదా, ఆగకుండా చదివేస్తున్నారు. “ఆ పద్ధతి తెలిసినవాళ్లు ఎవరైనా ఉంటే నేర్చుకుంటానమ్మా” అన్నారు. ఒక్కతే ఉందన్నాను.

ముక్క నా దగ్గరే ఉంది. తాత తన పుస్తకం కోసం రోజూ వచ్చి కూర్చుంటున్నాడు.

నీ అత్త


ఏప్రిల్ 24

అత్తా,

ఒట్టు పెట్టావు కాబట్టి చివరిదాకా చదివాను. గ్రంథాలయం తెరవకముందు, మెట్ల మీద కూర్చుని. తాళంచెవి మెళ్లోనే ఉంది, లేచి తలుపు తెరవడానికి చాలాసేపు పట్టింది. నాన్నా అని పైకి పిలిచాను. తొమ్మిదేళ్ల తర్వాత ఆ మాట పైకి అనడం.

ఆయన కోయించింది నేను చూస్తానని కాదు. నేనే అలా అనుకున్నాను, నా గురించే అంతా జరుగుతుందనుకునే నా బుద్ధి అది. చెప్పుకోవలసినవాడికి చెప్పేశాను అన్నారని నువ్వు ఫిబ్రవరిలోనే రాశావు. చదివి కూడా నాకు వినబడలేదు.

ఆ ముక్క నాకు పంపకు. ఫొటో కూడా తియ్యకు. నా పుస్తకంలో దాని గురించి ఒక్క అక్షరం ఉండదు. పుస్తకం మాత్రం మళ్లీ మొదలుపెట్టాను. దాన్ని తాత పుస్తకం వెన్నులోనే అతికించెయ్, ఆయన్ని ఇంక తిప్పించుకోకు. ఆదివారం ఆదివారం ఆయన చేతిలో తెరుచుకుని మూసుకుంటూ ఉంటే చాలు.

సెలవు అడిగాను, ఇచ్చారు. జూన్ మొదటి శనివారం మధ్యాహ్నానికి మన ఇంట్లో ఉంటాను. పాస్టరుగారితో చెప్పు, ఆ పద్ధతి నేర్పుతానని. ఎక్కడ ఆగాలో, ఎంతసేపు ఆగాలో నాకు తెలుసు. ఆ ప్రార్థన వయసు నూరేళ్లే. ఆ ఆగడం వయసెంతో ఏ పుస్తకంలోనూ దొరకలేదు నాకు.

ఆయన ఒప్పుకుంటే, కొత్త అంచులో మొదట రెండు పేర్లు నేను రాస్తాను. ఒకటి నీది, పెన్సిలుతో, నీ మోకాలి కోసం, రోగుల వరసలో.

రెండోది నాన్నది. ఆగస్టు నుంచి ఇప్పటిదాకా ఆయన్ని ఎవరూ సిరాతో రాయలేదు కదా, రాయాలని తెలిసినదాన్ని నేను ఇక్కడ ఉండిపోయాను. కానీ నేరుగా సిరాతో రాయను. బతికున్నప్పుడు రాసిన పెన్సిలు పేరు అడుగున ఉండాలి, అది పద్ధతి. ఆయన బతికి ఉండగా ఒక్క నెల కూడా నేను ఆయన పేరు ఎక్కడా రాసుకోలేదు. అందుకని ముందు పెన్సిలుతో రాస్తాను. ఆ ఆదివారం ఆరాధన అయ్యేదాకా అలాగే ఉంచి, మర్నాడు దాని మీద దిద్దుతాను.

నీ నల్ల సిరా కొంచెం మిగిల్చి ఉంచు. పెన్సిలు నేనే చెక్కి తెస్తాను.

నీ
గువ్వ